ఇడ్లీలు ముందు, కబురు తర్వాత

విజయవాడలోని ఆ పోలీస్ స్టేషన్‌లో హెడ్ కానిస్టేబుల్ భానుమూర్తి గారి గొంతు ప్రభుత్వ ఆస్తి కిందే లెక్క. ఆయన దగ్గితే లాకప్పులో వాళ్లు సర్దుకుని కూర్చుంటారు. పోలీసుల పనిని ఉన్నదున్నట్టు డాక్యుమెంటరీ తీస్తానని అపూర్వ అనే అమ్మాయి కెమెరాతో వచ్చేసరికి, ఆయన మీసాలకు రంగేసి, కొత్త బెల్టు బిగించి, చరిత్రకెక్కడానికి సిద్ధమయ్యారు.

"మేం ఇక్కడ లేమనుకోండి బాబాయ్ గారూ."

"అలాగే అనుకుంటానమ్మా. ముందు నా కుర్చీలోంచి లే."

కొన్నాళ్లకు ఆయన నిజంగానే కెమెరాని మర్చిపోయారు. చిక్కంతా అక్కడే వచ్చింది.

ఒక పొద్దున చల్లపల్లి నుంచి సంపూర్ణమ్మ వచ్చింది. ఆమె భర్త బస్టాండులో కుప్పకూలి చనిపోయాడు. ఫోనులో మాత్రం "ఒకసారి రండి" అన్నారు, అంతే. కూతురు వెనక బస్సులో వస్తోంది. చావు కబురు ఖాళీ కడుపుకి చెప్పకూడదన్నది భానుమూర్తి గారు పుట్టి పెరిగిన ఇంటి పద్ధతి. చెప్పాక దహనం అయ్యేదాకా మంచినీళ్లయినా గొంతు దిగవు.

"ఎస్సై గారి సంతకం కావాలండీ. ఈలోగా టిఫిన్ చేయండి," అని ఇడ్లీలు తెప్పించి, ఆమె తినేదాకా కిటికీ వైపు తిరిగి నిలబడ్డారు. ఆ తర్వాతే చెప్పారు.

సినిమాని ముందుగా పెద్దాఫీసర్లకు చూపిస్తారని తెలిశాక ఆయనకు నిద్ర కరువైంది. విధి నిర్వహణలో అసత్యము పలుకుట, బాధితురాలిని అకారణముగా నిరీక్షింపజేయుట: మెమో భాష మొత్తం కళ్లకు కట్టింది.

"ఆ ఇడ్లీల ముక్క తీసేయమ్మా. రిటైరయ్యే ముందు నా కొంప ముంచకు."

"సంపూర్ణమ్మ గారిని అడిగానండీ. అది తీయొద్దన్నారు."

అంటే ఆవిడకీ కోపమేనన్నమాట, అనుకున్నారాయన.

హాల్లో దీపాలు ఆరాయి. తెర మీద కిటికీ దగ్గర ఒక ముసలి పోలీసు. టోపీ తీసి చేత్తో నలుపుతున్నాడు. తను టోపీ తీసినట్టు భానుమూర్తి గారికి గుర్తే లేదు. ఆ వీపు వెనక సంపూర్ణమ్మ ఇడ్లీ తుంచబోతూ ఆగింది. ఆ టోపీ వైపు చూసింది. చాలాసేపు చూసింది. కొంగుతో కళ్లు ఒత్తుకుని, చప్పుడు కాకుండా ముక్క తుంచి నోట్లో పెట్టుకుంది. తర్వాత ఇంకోటి. ఆకు ఖాళీ చేసి, గొంతు సవరించుకుని, "అయిందండీ," అంది.

ఇన్నాళ్లూ ఆవిడకి తను తినిపించానని ఆయన నమ్మకం. కబురు ముందే తెలిసిపోయి, ఆవిడే ఆయన కోసం తిన్నదని తెర చెబుతోంది.

దీపాలు వెలిగాయి. పెద్దాఫీసరు వెనక్కి తిరిగారు. "మూర్తి గారూ, ఎస్సై గారి సంతకం దేనికండీ?"

భానుమూర్తి గారు లేచి అటెన్షన్‌లో నిలబడ్డారు. నోరు తెరిచారు. ప్రభుత్వ ఆస్తి పనిచేయలేదు.

"సరే, కూర్చోండి," అన్నారు ఆఫీసరు, మెల్లగా.

ఆయన కూర్చోలేదు. టోపీ తీసి, ఖాళీ తెర వైపే చూస్తూ నిలబడిపోయారు.