వత్సవాయి ఎకరాల్లో అమెరికా సినిమా

ఆ రోజుల్లో జగ్గయ్యపేటలో మనిషి టీవీలో కనపడాలంటే రెండే మార్గాలు. ఏదైనా పెద్ద తప్పు చేసి దొరికిపోవాలి, లేదా మా కేబుల్ బాబాయికి చుట్టం అయి ఉండాలి. మొదటిదానికి నాకు ధైర్యం చాలలేదు, రెండోది పుట్టుకతోనే వచ్చింది. ఇప్పుడు ప్రతివాళ్ల చేతిలోనూ ఒక ఛానల్ ఉంది, వంటచేసినా వీడియోనే, జారిపడినా వీడియోనే. అప్పట్లో మాత్రం ఆదివారం మధ్యాహ్నం మా ఊరి కేబుల్లో పది నిమిషాలు కనపడినందుకు సోమవారం కూరగాయల బజారులో నన్ను "టీవీ పిల్ల" అని వేలు పెట్టి చూపించేవాళ్లు. వంకాయలు మాత్రం అందరికిచ్చే రేటుకే ఇచ్చేవాళ్లు (కీర్తికి బజారులో చెలామణీ లేదని ఇరవై రెండో ఏటనే తెలుసుకున్న అదృష్టవంతురాలిని నేను).

కేబుల్ బాబాయి మా నాన్నకు పినతండ్రి కొడుకు. విత్తనాల కొట్టు పైన రెండు గదులు అద్దెకు తీసుకుని ఛానల్ నడిపేవాడు. చుట్టుపక్కల ఊళ్లకీ, నందిగామకీ కూడా అది వచ్చేది. ఒక గది నిండా వైర్లు. రెండో గదిలో గోడకి నీలం దుప్పటి, దాని ముందు ప్లాస్టిక్ కుర్చీ, ఎదురుగా కెమెరా. అదే స్టూడియో. కింద కొట్లో బస్తాలు దించినప్పుడల్లా పైన వార్తలు చదివేవాళ్లకి తుమ్ములొచ్చేవి. నేను నందిగామలో బి.కాం. ముగించి, బ్యాంకు పరీక్షలు రాసి, ఫలితాల కోసం ఎదురుచూస్తూ ఇంట్లో కూర్చున్న కాలం అది. ఆ కూర్చోవడం నాకంటే మా అమ్మకే ఎక్కువ కష్టంగా ఉండేది. అలాంటి సమయంలో ఒకరోజు బాబాయి వచ్చి, కాఫీ గ్లాసు కింద పెట్టకుండానే విషయం తేల్చేశాడు.

"పెద్ద ఛానళ్లన్నీ హైదరాబాదు సినిమాలు పట్టుకు కూర్చున్నయ్. మనం అమెరికా పట్టుకుందాం. అక్కడ ఈ వారం ఏ సినిమా ఫస్టొచ్చింది, ఎంత వసూలు చేసింది, అది చెప్పు. వారానికొకటి, ఏడాదికి యాభై రెండు. ఇంటర్నెట్లో ఊరికినే దొరుకుద్దంట."

"జగ్గయ్యపేటలో ఆ సినిమాలెవరు చూస్తారు బాబాయ్?"

"సినిమా ఎవరు చూడమన్నారే? ఫస్టెవరొచ్చారో తెలిస్తే చాలు. టెన్త్ రిజల్టు చూసేవాళ్లంతా పరీక్ష రాసినోళ్లేనా?"

నా దగ్గర ఇంకా నాలుగు ప్రశ్నలున్నాయి. మా అమ్మ దగ్గర అసలు ప్రశ్నే లేదు. "వెళ్లవే, కాస్త కాళ్లూ చేతులూ ఆడతాయి" అని మరుసటి ఆదివారానికి తన పట్టుచీర ఇస్త్రీ చేయించింది. ఇంటర్నెట్ సెంటరుకి వెళ్లి ఆ వారం జాబితా కాగితం మీద దింపుకొచ్చి, నీలం దుప్పటి ముందు కూర్చుని, ఇన్ని మిలియన్ డాలర్లు, అన్ని మిలియన్ డాలర్లు అని మూడు ఆదివారాలు చదివాను. ఊళ్లో ఒక్క ఆకు కూడా కదల్లేదు. మా అమ్మ అయితే "ఆ మిలియన్లేంటే, సోలో తవ్వో గింజలు కొలిచినట్టు చెప్పుకుపోతన్నావు" అంది. నాలుగో వారం డాలర్లను రూపాయల్లోకి మార్చి కోట్లలో చదివాను. అదీ పారలేదు.

బాబాయి గడ్డం గోక్కుని, "కోట్లంటే జనానికి విసుగొచ్చింది. పేపరు తీస్తే కోట్లే గదా. ఎకరాల్లో చెప్పు" అన్నాడు.

"సినిమా వసూళ్లు ఎకరాల్లోనా?"

"మరి? కోటి రూపాయలు ఒక్కచోట చూసినోడు ఈ ఊళ్లో ఎంతమంది? ఎకరం అందరూ చూశారు. వత్సవాయి మాగాణి పట్టుకో. అందరికీ తెలిసిన నేల."

నందిగామ రిజిస్ట్రేషన్ ఆఫీసు ఎదురుగా దస్తావేజులు రాసే మా మావయ్యకి ఫోన్ చేశాను. "మావయ్యా, వత్సవాయిలో ఎకరం ఎంత?" ఆయన ఎవరికో దస్తావేజు రాస్తూ ఉన్నట్టున్నాడు, "పుస్తకం రేటేనా నీక్కావాల్సింది?" అని అడిగాడు. పుస్తకంలో ఉన్నదంతా ఖచ్చితం అనే నమ్మకంతో మూడేళ్లు బి.కాం. చదివినదాన్ని కదా, "అవును, పుస్తకం రేటే!" అన్నాను గర్వంగా. ఆయన చెప్పాడు, నేను రాసుకున్నాను. అంత పెద్ద పొరపాటు అంత చక్కటి చేతిరాతతో ఇంకెవరూ రాసి ఉండరు.

ఆ ఆదివారం ముందు ఎకరం రేటు చెప్పి, "ఈ బొమ్మల సినిమా మూడు రోజుల వసూళ్లతో వత్సవాయి మొత్తం కొనేసి, పక్క ఊరి పొలాల్లో కాలు పెట్టొచ్చు" అని చదివాను. సాయంత్రానికి బాబాయి ఫోన్ ఆగలేదు. ఆ తరువాత ఏ వారం ఏ సినిమా ఎన్ని ఎకరాలు కొట్టిందన్నది బస్టాండు టీ కొట్లో పెద్ద చర్చ. నందిగామ కాలేజీ కుర్రాళ్లు ఎగిరే మనిషి సినిమాని తమ సొంతం చేసుకున్నారు. దెయ్యాల సినిమా ఒకటి ఇరవై ఎకరాల తేడాతో దాన్ని దాటినప్పుడు అన్నాలు మానేశారని విన్నాను (హాస్టల్ అన్నం కాబట్టి అది పూర్తిగా అభిమానమే అని చెప్పలేం). ఒకసారి ఒకే సినిమా నాలుగు వారాలు వరసగా మొదటి స్థానంలో ఉండిపోయింది. బాబాయికి చిరాకొచ్చింది.

"మళ్లీ అదేనా? జనానికి బోరు కొడతంది. ఈ వారం వేరేది పెట్టు."

"పెట్టేది నేను కాదు బాబాయ్, అమెరికా."

"వాళ్లకి వేరే పనేం లేదా, చూసిందే చూస్తారు!" అని రెండు రోజులు ఆ దేశం మీద అలిగాడు.

ఇలా సగం సంవత్సరం గడిచాక, ఒక సోమవారం ఉదయం ఒక పెద్దాయన మెట్లెక్కి పైకొచ్చాడు. తెల్ల పంచె, చంకలో గొడుగు, చేతిలో మడత పెట్టిన కాగితం. గుమ్మంలో నిలబడి నన్ను కాసేపు పరీక్షగా చూశాడు.

"ఎకరాలు చెప్పే అమ్మాయివి నువ్వేనా అమ్మా?"

"నేనేనండి" అన్నాను. అని ఊరుకోలేదు, పెన్ను మూత తీశాను. ఆ కాగితం మీద నా సంతకం కోసం వచ్చాడనుకున్నాను! ఈ సంగతి ఇన్నేళ్లుగా ఎవరికీ చెప్పలేదు. మీకు చెప్తున్నాను, మీలోనే ఉంచుకోండి.

"మా అరెకరం ముంచేశావు తల్లీ" అన్నాడాయన.

కుర్చీ వేసి, మంచినీళ్లిచ్చి, అసలేం జరిగిందో అడిగాను. ఆయనది వత్సవాయి. రోడ్డు పక్కన అరెకరం ఉంది. మనవరాలికి విజయవాడలో నర్సింగు సీటు వచ్చింది. ఆయన చేతిలోది ఆ సీటు కాగితమే. ఫీజు కోసం ఆ అరెకరం అమ్మకానికి పెడితే నందిగామ నుంచి ఒక స్థలాల వ్యాపారి వచ్చి మంచి ధరకే మాటిచ్చి వెళ్లాడు. నిన్న సాయంత్రం మళ్లీ వచ్చి మాట మార్చేశాడు.

"టీవీలో ఎకరం ఇంతేనని చెప్తన్నారు గదా, మూడు రెట్లు ఎట్టా అడుగుతావయ్యా అంటన్నాడమ్మా. అది సినిమా లెక్క బాబూ అన్నా. 'అన్ని కోట్లు సంపాయించే అమెరికావోళ్లు భూమి రేటు తెలుసుకోకుండా చెప్తారా?' అంటన్నాడు. ప్రభువు దయవల్ల పిల్లకి సీటొచ్చింది. వచ్చే శనివారం కాదు, ఆ పై శనివారం లోపల కట్టాలంట. ఇంకో బేరగాణ్ణి ఎప్పుడు వెతికేది?"

ఆయన కోపంగా అని ఉంటే బాగుండేది. సర్దుకుపోయే గొంతుతో అన్నాడు. నేను వెంటనే మావయ్యకి ఫోన్ చేశాను. నా మాట సగంలో ఉండగానే అటునుంచి కేక.

"పుస్తకం రేటంటే స్టాంపుల కోసం గవర్నమెంటు వేసే రేటే పిచ్చిమొహమా! ఆ రేటుకి రోడ్డు పక్కన భూమి కొన్నోడుంటే నాకు చూపించు, దండేసి ఊరేగిస్తా. నువ్వేదో పరీక్షకి అడిగావనుకున్నా!"

మావయ్యకి టీవీ చూసే అలవాటు లేదు. నాకు బయట ధర అడిగే అలవాటు లేదు. మధ్యలో ఆ పెద్దాయన అరెకరం నలిగిపోయింది. "వచ్చే ఆదివారం సరిచేసి చెప్తానండి" అని మాటిచ్చి ఆయన్ని పంపించాను. బాబాయి ఒప్పుకుంటాడనే అనుకున్నాను.

"ఛానల్ తప్పు చెప్పిందని ఛానలే చెప్పుద్దా? లోకంలో ఎక్కడన్నా ఉందా?" అన్నాడు బాబాయి. "నీ ఎకరాలొద్దు, ఏమొద్దు. ఈ వారం నుంచి ముక్త్యాల సిమెంటు లారీల్లో చెప్పు. ఎవరికీ గొడవుండదు."

"పాత తప్పు అట్లాగే ఉంటుంది కదా బాబాయ్."

"ఉండనీ. నీకు ఛానల్ పరువు కావాలా, ఆ ముసలాయన బేరం కావాలా?"

ఇంటికొచ్చి కంచం ముందు కూర్చుని మెతుకులు లెక్కపెడుతున్నాను. అమ్మ అడిగితే అంతా చెప్పాను. ఆవిడ పులుసు గరిటె పట్టుకుని నిలబడే విన్నది. "ఛానల్ సంగతి నాకు తెలవదు. ఆ పిల్ల సీటు పోతే, పై ఆదివారం ఏ మొహంతో కనపడతావో అది ఆలోచించుకో" అని పులుసు పోసి వెళ్లిపోయింది. ఆ వారమంతా నేను ఆలోచించుకున్నది అదొక్కటే.

ఆదివారం వచ్చింది. మా కార్యక్రమం నేరుగా ప్రసారమయ్యేది. కెమెరా వెనకాల బాబాయే. నా చేతిలో సిమెంటు లారీల కాగితం పెట్టి, వేలితో సైగ చేశాడు. నేను నమస్కారం చెప్పి, కాగితం బోర్లించి, "ముందుగా ఒక సవరణ" అన్నాను.

బాబాయి కళ్లు పెద్దవయ్యాయి. అరిస్తే మైకులో పడుతుంది. ఆపేద్దామంటే వెనకాలే చీరల కొట్టు ప్రకటన ఉంది, ఆ కొట్టాయన తన ప్రకటన కోసం టీవీ ముందు కూర్చుని ఉంటాడు. పాపం బాబాయి, భుజం మీది తువ్వాలు తీసి పిట్టల్ని తోలినట్టు ఊపడం మొదలుపెట్టాడు. నేను కళ్లు కిందికి దించుకుని చదివినట్టుగా చెప్పుకుపోయాను. "ఇన్నాళ్లూ మేము చెప్పింది ఆఫీసు పుస్తకంలో రేటు. వత్సవాయిలో రోడ్డు పక్కన ఆ రేటుకి ఎవరూ అమ్మరు. బయట ధర దానికి మూడు రెట్లు ఉందని తెలిసింది. కాబట్టి ఎగిరే మనిషి రెండో భాగం ఈ వారం కొనగలిగింది ఆరువేల చిల్లర ఎకరాలు కాదండి, రెండువేల చిల్లర మాత్రమే. తప్పు పూర్తిగా నాది. అమెరికావాళ్లకి దీనితో ఏ సంబంధమూ లేదు." చివర్లో నమస్కారం చెప్పడం మరిచిపోయి, పక్కింటికి వెళ్లొచ్చినట్టు "మరి ఉంటానండి" అని లేచిపోయాను. కెమెరాలో ఖాళీ కుర్చీ కొంతసేపు కనపడిందట.

బాబాయి తువ్వాలు మెడలో వేసుకుని గోడకానుకుని కూర్చున్నాడు. నన్ను తిట్టడానికి నోరు తెరిచాడో లేదో ఫోన్ మోగింది. నందిగామ కుర్రాడు. "ఏమండీ, మా హీరో ఎకరాలు మూడో వంతు చేశారేందండీ? రెండో భాగం వచ్చేదాకా కాచుకుని ఇప్పుడు తగ్గించారా?" దానికి సమాధానం చెప్పేలోగా రెండో ఫోన్, మూడో ఫోన్. భూమి గురించి ఒక్కరూ అడగలేదు. అందరి బాధా ఎగిరే మనిషి ఆస్తి గురించే. మర్నాడు ఏకంగా ఏడుగురు కుర్రాళ్లు బస్సెక్కి వచ్చి, విత్తనాల కొట్టు ముందు నిలబడి "మా ఎకరాలు మాకియ్యాలి!" అని అరిచారు. అటుగా వెళ్లేవాళ్లు ఏదో భూపోరాటం అనుకుని వాళ్ల పక్కన నిలబడ్డారు. బాబాయికి నా మీద కోపం ఎక్కడికి పోయిందో తెలియదు. తన ఛానల్ మీద ధర్నా చేయడానికి పొరుగూరి నుంచి టిక్కెట్టు కొనుక్కుని మనుషులు రావడం ఆయన జీవితంలో అదే మొదలు. కెమెరా దించుకొచ్చి అదంతా తీసి, ఆ సాయంత్రం మూడుసార్లు వేశాడు. కుర్రాళ్లకి టీ కూడా ఆయనే ఇప్పించాడు.

శుక్రవారం నాడు ఆ పెద్దాయన మళ్లీ మెట్లెక్కి వచ్చాడు. ఈసారి చంకలో గొడుగుతో పాటు చేతిలో కందిపప్పు సంచి. ఈసారి నేను పెన్ను జోలికి పోలేదు.

"వాడు వచ్చాడమ్మా. ముందు మాట ప్రకారమే ఇచ్చాడు. ఫీజు కట్టేశాం, పిల్ల చేరిపోయింది."

"ఏమని ఒప్పించారండి?"

"నేనేం ఒప్పించలా. 'రేటు అమెరికావోళ్లే మార్చారయ్యా, మజ్జెన నాదేముంది?' అన్నా. కిమ్మనకుండా తీశాడు."

అమెరికావాళ్లకి సంబంధం లేదని నేను అంత స్పష్టంగా చెప్పానే అని నోటిదాకా వచ్చింది. ఆయన మొహం చూసి మింగేశాను. ఆయన లేచి, గుమ్మం దాకా వెళ్లి, ఏదో అడగాలా వద్దా అన్నట్టు ఆగాడు. "అమ్మా, మరి ఆ సినిమావోళ్లు నిజంగానే వత్సవాయి కొంటానికి వస్తారంటావా? మా పక్క చేనాయన కూడా అమ్ముతానంటన్నాడు."

వస్తే మీకే ముందు చెప్తానండి అన్నాను.

సంవత్సరం నిండి, యాభై రెండో వారం సినిమా చెప్పిన పదిహేను రోజులకి నా బ్యాంకు ఫలితం వచ్చింది. నా తరువాత ఆ కుర్చీలో ఇంకొకమ్మాయి కూర్చుంది. కొన్నేళ్లకు కుర్చీ, దుప్పటి, ఛానల్ అన్నీ పోయాయి. బాబాయి ఇప్పుడు కింద కొట్లోనే విత్తనాలు అమ్ముతున్నాడు, తుమ్ములు అలవాటయ్యాయట. నేను బ్యాంకు ఉద్యోగంలో చేరి నందిగామలో స్థిరపడ్డాను.

పోయిన నెలలో ఒక ఆదివారం ఇంట్లో మా అమ్మాయి ఏదో పాత ఇంగ్లీషు సినిమా తెలుగు మాటలతో పెట్టింది. పేరు పడగానే గుర్తుపట్టాను. బాబాయి అమెరికా మీద అలిగిన నాలుగు వారాల సినిమా! "ఇది ఏ నెలలో ఫస్టొచ్చిందో, దీని వెనకాల రెండో స్థానంలో ఏదుందో చెప్పనా?" అని మొదలుపెట్టాను. "అవన్నీ ఎందుకమ్మా, కథేంటో చెప్పు" అంది. చెప్పలేకపోయాను. ఆ యాభై రెండు వారాల సినిమాల్లో నేను ఒక్కటి కూడా చూడలేదు. పోస్టరులో మంట కనపడిందని నాలుగు ఆదివారాలూ దీన్ని "ఒళ్లు గగుర్పొడిచే పోరాటాల చిత్రం" అని చదివాను, అది మాత్రం బాగా గుర్తుంది. సరేనని మా అమ్మాయి పక్కన కూర్చుని మొదటినుంచీ చూశాను. ఒక తల్లీ కూతురూ పాత కారులో అమ్మమ్మ ఊరికి వెళ్తుంటారు. దారిలో కారు ఆగిపోతుంది. చలికి మంట వేసుకుని కూర్చుని, ఇద్దరూ ఎన్నాళ్లుగానో చెప్పుకోని మాటలు చెప్పుకుంటారు. ఎవరూ ఎవర్నీ కొట్టరు. పెద్దగా గొంతెత్తి కూడా మాట్లాడరు. చివరికొచ్చేసరికి నాకు కళ్లు తడిశాయి. మా అమ్మాయి ఎందుకేడుస్తున్నావని అడిగింది. ఏడుస్తున్నానో నవ్వుతున్నానో నాకే తెలియలేదు. అమ్మ పట్టుచీర కట్టుకుని, మొహానికి ఇంత పౌడరు పూసుకుని, చూడని సినిమా గురించి ఒక ఊరు ఊరంతటికీ ధైర్యంగా చెప్పిన ఆ ఇరవై రెండేళ్ల పిల్ల ఒక్కసారి ఎదురుపడితే బాగుండనిపించింది. తిట్టడానికి కాదు. "కాస్త జరుగు" అని పక్కన కూర్చోబెట్టుకుని, ఆ సినిమా చూపించడానికి.