కిటికీ దగ్గరి మనిషి

నా పేరు సత్తెమ్మ. వయసు డెబ్బై దాటింది, ఎంత దాటిందో మా అమ్మకే తెలియాలి. చిల్కానగర్‌లో ఒక గదిలో ఒక్కదాన్నే ఉంటాను. నాకు చదువు రాదు. నేను చెబుతుంటే కింది వాటాలో ఉండే రజిత రాస్తోంది. మా ఫ్యాక్టరీ పాతవాళ్లు పోయిన మా స్టోరు సారు మీద వేస్తున్న పుస్తకంలో దీన్ని ఉన్నదున్నట్టు అచ్చు వేయాలి.

పోయిన నెల ఒక మధ్యాహ్నం మా స్టోరు సారు పోయారని ఆయన కూతురు శైలజ ఫోన్ చేసింది. నాచారం ఇంట్లో పొద్దున్నే గుండె ఆగిందట. నాకు ముందు ఏడుపు రాలేదు. భయమేసింది.

ఫ్యాక్టరీలో ఆయన స్టోర్‌కీపర్, నేను ఊడ్చే మనిషిని. ఎంత పెద్దవాళ్లు వచ్చినా కిటికీ బయట నిలబడి చీటీ ఇవ్వాల్సిందే, ఆయన లోపలికి వెళ్లి సామాను తెచ్చిచ్చేవారు. ఒకరోజు మేస్త్రీతో గొడవపడి నేను చీపురు విసిరేశాను. ఆయన ఆ కిటికీలోంచే మంచినీళ్లిచ్చి, "మేస్త్రీ మీద కోపం చీపురు మీద దేనికక్కా?" అన్నారు. అప్పటి నుంచి ఆయనకు నేను అక్కను.

రిటైరయ్యాక కంప్యూటర్ నేర్చుకున్నారు. చూపు తగ్గి ఫోన్‌లో అక్షరాలు కనపడక, ఫోన్‌ను కంప్యూటర్‌కు కలుపుకున్నారు. ఎవరు ఎప్పుడు ఫోన్ చేశారో ఆ లిస్టంతా కంప్యూటర్‌లోనూ నిలిచి, తెర మీద పెద్దగా పడేది. శనివారాలు నేను వెళితే పక్కన కూర్చోబెట్టి చూపించేవారు. పైకి బాణం ఉంటే తాను చేసింది, కిందికి ఉంటే ఎదుటివాళ్లు చేసింది. నా పేరు అక్క అని పెట్టుకున్నారు. చూసి చూసి ఆ ఒక్క మాట ఆకారం నాకు పట్టుబడింది.

ఒకసారి ఆ లిస్టు తెరుచుకోలేదు. దాన్ని తెచ్చి చూపించే ఫైలు ఒకటి లోపల ఉంటుందట, అది పాడైంది. "సరుకు ఎక్కడికీ పోదక్కా. కిటికీ దగ్గర మనిషి లేడంతే" అని, ఇంకో కంప్యూటర్ నుంచి ఆ ఫైలు తెచ్చి పెట్టుకున్నారు.

మా ఇద్దరికీ ఒక పద్ధతి ఉండేది. రోజూ పొద్దున ఆయన ఒక రింగు ఇచ్చి ఆపేస్తారు, నేను తిరిగి ఒకటి ఇస్తాను. ఎవరమూ ఎత్తం. మోగిందంటే బాగున్నట్టే. సారు పోయిన రోజు పొద్దున నల్లా వచ్చింది, మోటారు మోగుతోంది. ఫోన్ మోగినట్టుంది. ఎత్తలేదు. బిందె దించి నా రింగు నేను ఇచ్చి, మళ్లీ నీళ్లకు పోయాను. ఆ తర్వాత ఇంకా మోగిందా? మోటారు చప్పుడులో వినలేదు. నా చిన్న ఫోన్‌లో పాత కాల్స్ నిలవవు, చావు కబురు ఫోన్లతో అవి తుడిచిపెట్టుకుపోయాయి. ఆయన కూలినప్పుడు చేతిలోని ఫోన్ నీళ్ల బకెట్లో పడి చచ్చింది. ఇక తెలిసేది ఆ కంప్యూటర్‌లోనే.

దాన్ని తుడిపించి తాను పనిచేసే బడికి ఇస్తానని శైలజ చెప్పినప్పుడు, పోనీ, తుడిచేస్తే నయం అనుకున్నాను. మేస్త్రీకి భయపడని దాన్ని, ఆ డబ్బాకు భయపడ్డాను. మూడు రోజులు అన్నం దిగలేదు. ఆదివారం మెకానిక్ వస్తున్నాడని తెలిసి, ఉండబట్టలేక నాచారం వెళ్లాను.

ముందు లిస్టు తెరవమన్నాను. తెరుచుకోలేదు. ఏదో ఫైలు లేదంటోంది, లిస్టు పోయినట్టే అన్నాడు మెకానిక్.

"లిస్టు యాడికి పోలే. కిటికీ కాడ మనిషి లేడు గంతే. గా ఫైలు తెచ్చి పెట్టు."

"నీకెవరు జెప్పిన్రు పెద్దమ్మా?"

"గీ కుర్సీల కూసునేటాయన."

తన కంప్యూటర్ నుంచి తెచ్చి పెట్టాడు. తెరుచుకుంది. నేను కుర్చీ పట్టుకున్నాను. ఆ పొద్దుటి లిస్టు చదవమంటే శైలజ చాలాసేపు చూసింది.

"ఒక్కటే ఉందత్తా. రోజూ చేసేదే."

నేనూ చూశాను. పైకి బాణం, అక్క. కిందికి బాణం, అక్క, అది నేనిచ్చింది. దాని తర్వాత పైకి బాణం, అక్క. మళ్లీ పైకి బాణం, అక్క.

"బిడ్డా, నాకు సదువు రాదు గని లెక్క వస్తది. మూడు."

శైలజ నన్ను పట్టుకుని ఏడ్చింది. ఎత్తినా నువ్వు వచ్చేలోపే అయిపోయేదత్తా అంది. అయి ఉండవచ్చు. ఆ రెండింటిలో ఆయన ఏం చెప్పబోయారో ఏ ఫైలూ తెచ్చివ్వదు. కంప్యూటర్ తుడవొద్దని శైలజకు చెప్పలేదు, తనే మెకానిక్‌ను పంపేసింది.

నా మాట ఇంతే. సారు మంచివారని అందరూ రాస్తారు. ఆయన మూడుసార్లు పిలిస్తే నేను ఎత్తలేదని కూడా రాసి ఉండాలి.

ఇప్పుడు పొద్దున ఫోన్ మోగితే నల్లా వదిలేసి, మోటారు ఆపేసి, మొదటి రింగుకే ఎత్తుతాను. ఎవరో ఆడపిల్ల లోను కావాలా అని అడుగుతుంది. నేను మాత్రం, బాగున్నవా బిడ్డా, అని అడుగుతాను.

రజిత వేలిముద్ర కోసం సిరా తెచ్చింది. వద్దన్నాను. నాకు తెలిసిన ఒక్క మాటే నా గుర్తు, వంకరగా ఉన్నా అలాగే అచ్చు వేయండి.

అక్క

చూసినవాళ్లు: రజిత, రాసింది. శైలజ, ఆ రోజు లిస్టు చదివింది.