నా పెళ్ళిలో అలిగింది నేనే

మా పెళ్ళి ఇరవై మందితోనే జరగాలని పట్టుబట్టింది నేను. కొందరు దాన్ని భయం అనుకున్నారు. ఆ ఏడాది సూర్యాపేట చుట్టుపక్కల పల్లెల్లో రోజులు బాగాలేవు, పదిమంది ఒకచోట కూడితే ఎవరో ఒకరు వచ్చి ఎందుకు కూడారని నిలదీసేవారు. నాకు ఆ భయం ఏ కోశానా లేదు. పెళ్ళి చిన్నదైతే మా అక్క కూడా అందులో అందరి మధ్య కూర్చోవచ్చని నా ఆశ.

అక్క నాకంటే పన్నెండేళ్ళు పెద్ద. పంతొమ్మిదో ఏట భర్త పోతే పుట్టింటికి వచ్చేసింది. ఆ మరుసటి ఏడే మా అమ్మ పోయింది. నాకు తల దువ్వింది, అన్నం పెట్టింది, బడికి పోనని మొండికేస్తే వీపు మీద రెండు వేసింది అక్కే. అలాంటి మనిషి ఇంట్లో ఏ శుభకార్యం జరిగినా వెనకింట్లోకి వెళ్ళి తలుపు వేసుకునేది. ఎవరూ నోరు తెరిచి చెప్పక్కర్లేదు, తనే వెళ్ళేది. అది చూస్తే నాకు చిన్నప్పుడే ఒళ్ళు మండేది.

పెళ్ళికొడుకు కోదాడలో బడిపంతులు. బెజవాడ వైపు దండల పెళ్ళిళ్ళు చూసి వచ్చిన మనిషి. బ్రాహ్మడు వద్దు, బాజా వద్దు, రెండు పూలదండలు చాలు, ఒక పెద్దమనిషి రెండు మంచి మాటలు చెప్తే ఆ తర్వాత పులిహోర, లడ్డూలు. "నేను సైకిల్ మీద వచ్చేస్తానండీ, మీరేం శ్రమపడొద్దు" అని మా నాయనతో అన్నాడు. నాయన నవ్వాడు. మిర్యాలగూడ నుంచి ఎడ్లబండిలో దిగిన మా మేనత్త మాత్రం నవ్వలేదు.

"అల్లుడు సైకిల్ తొక్కుకుంట వస్తడా? గా చెమటతోని పీటల మీద కూసుంటడా?" అంది.

అసలు పీటలే లేవని చెప్పేసరికి గోడకు ఆనుకుని కూలబడింది. చివరికి ఒకే ఒక్క ముచ్చట అడిగింది, అలుక పానుపు. పెళ్ళికొడుకు మంచమెక్కి అలిగితే అత్తవారు అడిగింది ఇచ్చి దింపుకోవాలి. "గది గూడ లేకుంటే దాన్ని పెండ్లని ఎట్లంటరు తమ్మీ?" అని నాయన మీదికి లేచింది. సరే, మంచం వేయించండి అన్నాం.

ఆ సాయంత్రం నాయన పెళ్ళికి వచ్చేవాళ్ళ పేర్లు రాశాడు. నేను కాగితం తీసుకుని పైనుంచి కిందికి చదివాను, కిందినుంచి పైకి చదివాను. అక్క పేరు లేదు.

"అక్కేది?" అన్నాను.

నాయన కలం మూత తిప్పుతూ కూర్చున్నాడు. మేనత్తే అందుకుంది. "అది ఇంట్ల మనిషి కాదే? ఇంట్లోళ్ళను గూడ కాయితం మీద రాస్తరా?"

"మరి నాయన ఇంట్ల మనిషి కాదా? ఆయన పేరు అన్నిటికంటే మీదుంది."

"దండలేసుకునేటప్పుడు జర లోపలుంటే ఏం పోతదే? ఆమె మంచికే చెప్తున్న. నలుగురు నాలుగు మాటలంటే ఎవరు పడాలె?"

ఏ నలుగురు? ఆ ఇరవై మందిలో ఆ నలుగురెవరో చూపించమన్నాను. వాళ్ళ పేర్లు కొట్టేస్తే పెళ్ళి ఇంకా చిన్నదవుతుంది కదా అన్నాను. ఇంతమందికి లడ్డూలు చుట్టడానికి పనికొచ్చే మనిషి వాళ్ళ ముందు నిలబడడానికి పనికిరాదా? నాయన తల ఎత్తలేదు. సభలకు వెళ్ళి ఆడపిల్లల చదువు గురించి ఎవరైనా మాట్లాడితే చప్పట్లు కొట్టి వచ్చే మనిషి ఆయన. ఆ తల వంచుకోవడాన్ని నేను ఈనాటికీ మన్నించలేదు. ఇదంతా అక్క ఎదురుగానే. ఆమె చేటలో బియ్యం ఏరుతోంది. ఒక రాయి తీసి పక్కన పడేసి మళ్ళీ ఏరుకుంది.

పెళ్ళినాడు పెళ్ళికొడుకు అన్నట్టే సైకిల్ మీద వచ్చాడు. ధోవతి అంచుకు చైను నూనె మరక. వాకిట్లో కూర్చున్నవాళ్ళు పడీపడీ నవ్వారు. దండలు వచ్చాయి. వెనకింటి తలుపు మూసే ఉంది. నేను తిన్నగా వెళ్ళి అలుక పానుపు ఎక్కి కూర్చున్నాను.

"అది నా మంచం కదా" అన్నాడు పెళ్ళికొడుకు.

"ఇయ్యాల అలిగేది నేను" అన్నాను. "అక్క బయటికొస్తెనే దిగుత."

కొందరు పరాచికమనుకుని చప్పట్లు కొట్టారు. మేనత్త నా చెయ్యి పట్టి గుంజింది. "ఇజ్జత్ తీస్తున్నవ్, దిగు." నేను మంచం పట్టె గట్టిగా పట్టుకున్నాను. పెళ్ళికొడుకు అందరినీ ఒకసారి చూసి, వచ్చి మంచానికి ఆ చివర కూర్చున్నాడు. "నేనూ అలిగానండీ. నాదీ అదే కోరిక" అన్నాడు. ఆ క్షణాన ఆయన మీద నాకెంత ప్రేమ పుట్టిందో ఈ వయసులో చెప్పడానికి సిగ్గెందుకు.

వెనకింటి తలుపు తెరుచుకుంది. అక్క వచ్చింది. చేతులకు బూందీ పాకం అంటుకుని ఉంది. గెలిచాననుకుని లేవబోయాను. ఆమె నా ముందుకొచ్చి నిలబడింది. అక్క ముఖంలో అంత కోపం నేనెప్పుడూ చూడలేదు. అది మేనత్త మీద కాదు, నా మీద.

"నెల దినాల సంది నా పేరు జెప్పి అందరితోని కొట్లాడుతున్నవ్. మొన్న కుంకుమ భరిణె పట్టుకొని వాడల తిరిగినవ్. కాయితం మీదున్న ఆడోళ్ళందరికి బొట్టు పెట్టి, నా పెండ్లికి రాండ్రి అని పిలిసినవ్. నన్ను పిలిసినవా?"

నిజమే, పిలవలేదు. నా పెళ్ళికి నేనే పిలుస్తానని భరిణె మేనత్త చేతిలోంచి లాక్కుని మరీ వెళ్ళాను. భర్త పోయిన ఆడదానికి బొట్టు పెట్టి పిలవరు. ఆ సంగతి నాకెవరూ చెప్పలేదు, చెప్పే పనే లేకపోయింది. తిరిగి ఇంటికొచ్చి ఆ భరిణెను గూట్లో పెట్టమని అక్క చేతికే ఇచ్చాను. లోకమంతటి మీదా మండిపడ్డదాన్ని, నా మీద నాకు ఒక్క పూటైనా కోపం రాలేదు.

మంచం దిగి వెళ్ళి భరిణె తెచ్చాను. కుంకుమ అద్దిన వేలు ఆమె నుదుటి దాకా వెళ్ళి ఆగిపోయింది. ఆపింది మేనత్త కాదు, నాయనా కాదు. అక్క ఒక క్షణం చూసి, తనే ముందుకు వంగి నుదురు నా వేలికి ఆనించింది.

"ఇగ పిలువు" అంది.

"నా పెండ్లికి రా అక్కా."

"వస్త. జర చేతులు కడుక్కోనియ్యి."