డ్రైవర్లకు పెట్టిన నానకటాయిలు

అమీర్‌బీకి కోపం ఎక్కువని నల్లపాడులో అందరికీ తెలుసు. నీళ్ల ట్యాంకర్ దగ్గర వరస తప్పి బిందె తోసినవాళ్లతో, కాటాలో మోసం చేసే కూరగాయల బండివాడితో, గుమ్మానికి అడ్డంగా మోటారు సైకిలు పెట్టి పోయేవాళ్లతో ఆమె పడ్డ తగాదాలకు అంతులేదు. కాసేపు వీధి అదిరిపోయేలా అరిచేది. ఆ అరుపు అయ్యాక అదే మనిషిని పిలిచి టీ ఇచ్చేది. "నాది గడ్డిమంటలే, ఎంతసేపుంటది" అని తనే నవ్వేది.

తమ్ముడు ఆదాం మీద వచ్చిన కోపం మాత్రం గడ్డిమంట కాలేదు. రెండేళ్లయింది. ఇంకా ఆరలేదు.

వాళ్ల నాన్న దూది ఏకి పరుపులు కుట్టేవాడు. అమీర్‌బీకి పదహారో ఏట, ఆదాంకి ఏడో ఏట ఆయన పోయాడు. దూది నుసి పీల్చీ పీల్చీ తల్లికి అప్పటికే ఆయాసం. ఇంట్లో పనిచేయగలిగిన చేతులు రెండే మిగిలాయి. అవి అమీర్‌బీవి. అవి మిరపకాయల్లోకి వెళ్లాయి.

ఎండుమిరప తొడిమలు తీసే పని చూసేవాళ్లకు తేలిక. గుట్ట ముందు కూర్చుని, కాయ పట్టుకుని, తొడిమ గిల్లి, ఇటు పడేయటమే. సాయంత్రానికి వేళ్ల సందుల్లో నిప్పులు పోసినట్టుంటది. తేజ రకం అయితే మంట రాత్రి నిద్రలో కూడా వదలదు. అమీర్‌బీ ఆ పని చేస్తూనే తమ్ముణ్ణి చదివించింది. ఇలియాస్‌ని పెళ్లి చేసుకున్నాక కూడా మానలేదు. ఇలియాస్ మంచివాడే, పరుపులు కుట్టేవాడు, కానీ ఈ రోజుల్లో పరుపులు కుట్టించుకునేదెవరు. ఒక్కగానొక్క కూతుర్ని నరసరావుపేట ఇచ్చి పంపిందీ ఆ కూలి మీదే. ఆదాం డిగ్రీ అయ్యాక ఒక జిన్నింగు మిల్లులో గుమాస్తాగా చేరి, పైకొచ్చి, గుంటూరులో అపార్టుమెంటులో ఉంటున్నాడు. వాడి ఎదుగుదల చూసి అమీర్‌బీ మురిసిపోయేది. "మా ఆదాం ఏసీలో పనిచేస్తాడు" అని తొడిమల గుట్ట దగ్గర వారానికోసారైనా చెప్పేది.

ఆమెకు ఇంకో పేరు కూడా ఉంది. నానకటాయిల అమీర్‌బీ అని.

నానకటాయి అంటే నెయ్యి బిస్కెట్టు. నోట్లో వేసుకుంటే నమలక్కర్లేదు, ఇసక గూడులా కూలిపోద్ది. ఆమె అత్తగారు నేర్పిన వంట అది. పెదకాకాని నుంచి వచ్చే పాలామె దగ్గర పేరుకున్న గేదె నెయ్యి తీసుకోవాలి. దాంట్లో మెత్తటి పంచదార పొడి వేసి అరచేత్తో రుద్దాలి. నెయ్యి తెల్లబడి, పొంగి, చేతికి మల్లెపూవులా తేలిగ్గా తగిలేదాకా రుద్దుతూనే ఉండాలి. అప్పుడు మైదా, గుప్పెడు శనగపిండి, కాస్త బొంబాయి రవ్వ, యాలకుల పొడి, చిటికెడు సోడా. చుక్క నీళ్లు తగలకూడదు. నిమ్మకాయంత ఉండలు చేసి, నడుమ బొటనవేలితో నొక్కి ఒక్కో సారపప్పు గింజ పెట్టాలి. ఓవెన్ అనేది ఆ ఇంట్లో లేదు. పాత అల్యూమినియం డేగిసాలో నాలుగు వేళ్ల మందాన ఇసక పోసి, దానిలో ఇనప ముక్కాలి పీట పెట్టి, పీట మీద పళ్లెం పెట్టి మూత వేస్తది. కింద కట్టెల పొయ్యి. మూత మీద నిప్పులు. అంచులు పగిలి, అడుగు బంగారు రంగు తిరిగితే వాయి అయినట్టు.

ఇక్కడే ఒక చిక్కుంది. మిరప ఘాటు నీళ్లకు పోదు, నెయ్యికి పోద్ది. అంటే చేతిలో ఉన్న మంటంతా నెయ్యిలోకి దిగుద్ది. మొదటి ఏడాది తెలియక, పనికి వెళ్లొచ్చిన చేతుల్తోనే చేసి వీధి పిల్లలకు పంచింది. పిల్లలు నాలుకలు బయటపెట్టి ఏడ్చారు. అప్పట్నించీ నానకటాయి చేయాలంటే పన్నెండు రోజుల ముందే తొడిమల పని మానేస్తది. రోజూ పొద్దున్నా రాత్రీ చేతులకు నూనె పట్టించి, పెరుగు రుద్ది, శనగపిండితో కడుగుద్ది. పన్నెండో రోజు పది వేళ్లూ ఒక్కొక్కటీ నాలుక మీద పెట్టుకుని చూసుకుంటది. ఏ వేలు చిమచిమలాడినా ఇంకో రోజు ఆగుద్ది. చేతికి తొడుగులు వేసుకోమని చెప్పినవాళ్లున్నారు. తొడుగేసిన చేతి మాట నెయ్యి వినదని ఆమె నమ్మకం.

ఆదాం కూతురు అర్ఫాకి సంబంధం కుదిరింది. దాచేపల్లి వాళ్లు. అబ్బాయి మేనమామ సిమెంటు ఫ్యాక్టరీలో ఆఫీసరు. నిశ్చితార్థానికి ఇరవై రోజులుందనగా ఆదాం అక్క దగ్గరికి వచ్చాడు.

"అక్కా, నానకటాయిలు నువ్వే చెయ్యాలి. నాలుగొందలు. అర్ఫా ఒకటే గోల, అత్త చేసినవే కావాలంటది."

మిరప సీజను మంచి ఊపు మీదున్న రోజులవి. గుట్టలు కొండల్లా పడున్నాయి. పనిలోంచి లేస్తే ఆ చోట్లో ఇంకొకరు కూర్చుంటారు. అయినా అమీర్‌బీ మరో మాట లేకుండా సరేనంది. తమ ముఠా పెద్ద వెంకటేశ్వరమ్మ దగ్గరికి వెళ్లి, మేనకోడలి శుభకార్యమని చెప్పి, పని ఆపేసింది. పన్నెండు రోజులు నూనె, పెరుగు, శనగపిండి. తర్వాత మూడు రోజులు పొయ్యి ముందే. ఎర్రగా కాలిన ప్రతి వాయిలో చివరిది ఇలియాస్ నోట్లో పెట్టి, "ఎట్టుంది?" అని అడిగేది. "నిన్నటి కన్నా బాగుంది" అనేవాడు ప్రతిసారీ. నాలుగు రేకు డబ్బాల్లో కాగితం పరిచి, వరస వరసకూ మధ్య మళ్లీ కాగితం వేసి, ఒక్కటి కూడా విరక్కుండా ఆటోలో ఒళ్లో పెట్టుకుని తీసుకెళ్లి ముందురోజు తమ్ముడి ఇంట్లో దింపింది.

నిశ్చితార్థం ఒక ఫంక్షన్ హాల్లో జరిగింది. అమీర్‌బీ కొత్త చీర కట్టుకుని ముందు వరసలోనే కూర్చుంది. ఉంగరాలు మార్చుకున్నాక టీ, తినుబండారాల పళ్లేలు వచ్చాయి. ఆమె పళ్లెంలో గుండ్రటి బిస్కెట్టు ఒకటుంది. అచ్చులో పోసినట్టు నున్నగా, పైన ఎర్ర చెర్రీ ముక్కతో. కొరికింది. డాల్డా.

ఆమె లేచి, మరదలు కౌసర్ దగ్గరికి వెళ్లింది.

"నా డబ్బాలేవి కౌసర్?"

"లోపలున్నాయి వదినా, తర్వాత పెడతాం. మీరు కూర్చోండి, బిర్యానీ వడ్డిస్తారు." కౌసర్ చూపు ఆమె మొహం మీద నిలవలేదు.

అమీర్‌బీ లోపలికి వెళ్లి చూసింది. వంటగదిలో లేవు. వెనక తలుపు తీసింది. హాలు వెనక కార్లు ఆపేచోట నలుగురు డ్రైవర్లు, టెంట్లు కట్టినవాళ్లు టీ తాగుతున్నారు. వాళ్ల మధ్య న్యూస్‌పేపరు మీద ఆమె నానకటాయిలు గుట్టగా పోసి ఉన్నాయి. మూడు డబ్బాలు ఖాళీ. నాలుగోది మూత తీసి ఉంది.

దానయ్య అనే డ్రైవరు, దాచేపల్లి నుంచి పెళ్లివారి కారు తోలుకొచ్చినతను, ఆమెను చూసి లేచి నిలబడ్డాడు. "అమ్మా, ఇవి ఎవరు చేశారండీ? ఇట్టాంటివి నేనెప్పుడూ తినలేదు. లోపల వాళ్లకి బేకరీవి పెట్టారంట, మాకేమో ఇవి ఇచ్చారు. మా అదృష్టం."

ఆ మనిషి మనసారా అన్న మాట అది. వాళ్లు తిన్నందుకు ఆమెకు బాధ లేదు, వాళ్లవీ నోళ్లే, వాళ్లవీ ఆకళ్లే. లోపల పెట్టడానికి పనికిరావని బయట పోశారే, అదీ ఆమె బాధ.

ఆదాంని వెనక్కి పిలిపించింది.

"ఎవరన్నా ఏమన్నా అన్నారా?"

"ఎవరూ ఏమనలేదక్కా."

"మరి?"

ఆదాం డ్రైవర్ల వంక చూసి గొంతు తగ్గించాడు. "అంటారేమోనని. ఎవరు చేశారని వాళ్లు అడిగితే ఏం చెప్పేది? మిరపకాయల కూలికి పోయే మా అక్క చేసిందని చెప్పమంటావా? ఆ చేతుల్తోనా అంటారు. కౌసర్ కూడా అదే అంది. నువ్వు నొచ్చుకుంటావని చెప్పలేదు."

ఎవరో అని ఉంటే అమీర్‌బీ వాళ్ల జుట్టు పట్టుకునేది. ఎవరూ అనలేదు. అననివాళ్ల మాట తన తమ్ముడే ముందుగా అనుకుని, దానికి భయపడి, అక్కను గోడవతలికి నెట్టాడు.

"చెప్పొచ్చు గదరా," అంది. "నిన్నెవరు చదివించారని అడిగితే ఏం చెప్తావో, అదే చెప్పొచ్చు."

"మెల్లగా మాట్లాడక్కా. లోపల వింటారు."

"మెల్లగానే మాట్లాడుతున్నా. నేను అరిస్తే ఎట్టుంటదో నీకు తెలుసు. పన్నెండు రోజులు పని మానుకుని ఈ చేతులు కడిగానురా నేను. నమాజుకు కూడా అంత కడుక్కోరు ఎవరూ. ఇష్టం లేకపోతే ముందే ఒద్దంటే పోయేది. అడిగి చేయించుకుని, నా కళ్ల ముందే బేకరీవి పెట్టావు."

"ఇప్పుడేం చెయ్యమంటావు?"

"ఏం చెయ్యొద్దు."

నాలుగో డబ్బాకి మూత పెట్టి దానయ్య చేతికిచ్చింది. "ఇంటికి పట్టుకుపో బాబూ. పిల్లలకి పెట్టు." తర్వాత హాల్లోకి వచ్చి, బిర్యానీ ముందు కూర్చున్న ఇలియాస్ భుజం తట్టింది. "లే." అతను చేతిలో ముద్దతో పైకి చూశాడు. భార్య అరవకుండా మాట్లాడటం అతను చాలా తక్కువ సార్లు విన్నాడు. ముద్ద పళ్లెంలో వదిలేసి లేచాడు.

మర్నాడు పొద్దున్నే ఆమె మళ్లీ మిరప గుట్ట ముందుంది. తెల్లబడిన చేతులు ఒక్క పూటలో ఎర్రబడ్డాయి. ఏం జరిగిందో విని వెంకటేశ్వరమ్మ, "పోన్లే అమీరూ, సొంత తమ్ముడు, ఏదో బుద్ధి గడ్డి తింది" అంది. "సొంత తమ్ముడు కాబట్టే" అంది అమీర్‌బీ. ఆ రోజు ఇద్దరు మనుషుల పని ఒక్కతే చేసింది.

నెల తర్వాత పెళ్లి కార్డు పట్టుకుని ఆదాం ఇంటికొచ్చాడు. తాళం చూసి, వెతుక్కుంటూ మిరపకాయల షెడ్డు దగ్గరికే వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, జేబులో పెన్ను. ముఠాలో ఆడవాళ్లు పాతికమంది తలెత్తి చూశారు.

"అక్కా, అందరికన్నా ముందు నీకే ఇస్తున్నా."

"కూర్చో," అంది అమీర్‌బీ. తన పక్కన గోనెపట్టా సర్దింది. "ఈ బస్తా అయిపోయేదాకా తొడిమలు తీయి. అప్పుడు తీసుకుంటా."

ఆదాం నవ్వబోయాడు. ఆమె నవ్వలేదు. కాసేపు నిలబడి, చొక్కా చేతులు మడిచి కూర్చున్నాడు. పది కాయలు తీసేసరికి తుమ్ములు. పావుగంటకి కళ్లు, ముక్కు ధారలు. అయినా లేవలేదు, ఆ మాట చెప్పుకోవాలి. బస్తా సగమయ్యేసరికి మణికట్టు దాకా మండి, వేళ్లు చాచి గాలికి ఆరబెట్టుకున్నాడు. జేబులో ఫోను మోగితే తీయలేకపోయాడు. వెంకటేశ్వరమ్మే జాలిపడి తన క్యారేజీలో మజ్జిగ అతని చేతుల మీద పోసింది. అమీర్‌బీ తల తిప్పకుండా తన పని తాను చేసుకుంటోంది.

"ఇంత మంట ఇన్నేళ్లు ఎట్టా ఓర్చుకున్నావక్కా?"

ఈ మాట వింటే చల్లబడతానేమో అని ఆమె అంతకుముందు ఒకటి రెండుసార్లు అనుకుని ఉంది. తీరా విన్నాక ఒళ్లు ఇంకా మండింది.

"నలభై ఏళ్లుగా అడగనోడివి, నీ చెయ్యి కాలితే అడిగావా?"

"తప్పయిందక్కా."

కార్డు తీసుకుని రవికలో దోపుకుంది. అంతే. సరేలే అనలేదు, క్షమించాననలేదు. మిగతా సగం బస్తా తనే పూర్తి చేసింది.

పెళ్లికి వెళ్లింది. అర్ఫా చేసిన తప్పేముందని వెళ్లింది. కౌసర్ ముందు వరసలో కుర్చీ చూపిస్తే, చివరి వరసలో ఇలియాస్ పక్కన కూర్చుంది. పిల్లను దీవించి, పెట్టింది తిని, చేతులు కడుక్కుని వచ్చేసింది. తమ్ముడితో అవసరమైన మాటే మాట్లాడుద్ది. ఫోను చేస్తే బాగున్నామంటది. రంజానుకు వీధి మొత్తానికీ, ముఠా ఆడవాళ్లందరికీ నానకటాయిలు పంచుద్ది. గుంటూరు మాత్రం పోవు. ఒకసారి కౌసర్ ఫోను చేసి, "వదినా, ఈసారి మాకు కాసిని" అని నసిగితే, "బేకరీలో దొరుకుతాయి గదమ్మా" అని పెట్టేసింది. ఇన్నాళ్లు కోపం మోయటం మంచిది కాదని ఇలియాస్ చెప్పి చూశాడు. "బరువేమీ లేదు, నేను మోస్తాలే" అంది.

ఈ ఏడాది పండగ మూడో రోజున అర్ఫా వచ్చింది, దాచేపల్లి నుంచి బస్సులో, ఒక్కతే. అమీర్‌బీ డబ్బా ముందు పెట్టింది. అత్తాకోడళ్లు చాలాసేపు కబుర్లు చెప్పుకున్నారు. అర్ఫా వరసగా ఆరు తింది. టీ కోసం అమీర్‌బీ లోపలికి వెళ్లొచ్చేసరికి ఆ పిల్ల చేతిరుమాల్లో నాలుగు చుట్టి హ్యాండుబ్యాగులో పెట్టుకుంటోంది.

"ఎవరికే అవి?"

"వెళ్లేటప్పుడు నాన్న దగ్గర ఆగి పోదామని అత్తా. ఊరికే అడుగుతుంటాడు, అత్త ఈసారి చేసిందా అని."

అమీర్‌బీ చెయ్యి చాపింది. అర్ఫా రుమాలు తీసి ఇచ్చింది. నాలుగూ విప్పి, విరక్కుండా, మళ్లీ డబ్బాలో పేర్చింది.

"నీకు ఎన్ని కావాలంటే అన్ని ఇక్కడ కూర్చుని తిను. ఇంటికి పట్టుకుపోయి మీ అత్తగారికి పెట్టు, మీ ఆయనకి పెట్టు, నేను మూటగట్టి ఇస్తా," అంది. "ఆ ఇంటికి మాత్రం ఒద్దు."

అర్ఫా వాదించలేదు. టీ గ్లాసు అందుకుని, డబ్బాలోంచి ఇంకొకటి తీసుకుంది.