సాంచెల మోతలో పెదవుల మాట

బడిలో నాకు ఏడో తరగతి వరకే ఓపిక ఉంది. మాస్టర్లకు ఐదుతోనే అయిపోయింది. ఆ తర్వాత కోరుట్లలో ఒక ఫోటో స్టూడియోలో పెళ్ళి వీడియోల ఎడిటింగ్ నేర్చుకున్నాను. తాళి కడుతూ ఆవలించిన పెళ్ళికొడుకులను ఎందరినో కాపాడాను. ఆ కాపురాలు నిలబడ్డాయంటే నా కత్తెర పుణ్యం కూడా కొంత ఉంది.

అక్కణ్ణుంచి జగిత్యాలలో ఒక లోకల్ చానల్‌కు వచ్చాను. ఎడిటర్ని నేనొక్కణ్ణే. పొద్దున భక్తి కార్యక్రమంలో దేవుడికి హారతి ఇచ్చిన చేత్తోనే మధ్యాహ్నం వంటల కార్యక్రమంలో వంకాయలు తరిగేవాణ్ణి, సాయంత్రం నాయకుల ఉపన్యాసాలను మనుషులు భరించేంతకు కుదించేవాణ్ణి. అన్నీ వచ్చినవాడంటే ఎవరికీ భయముండదు. ఏది చెప్పినా చేస్తాడనుకుంటారు.

ఒకరోజు సిరిసిల్ల నుంచి వార్తల కోసం వీడియో వచ్చింది. మరమగ్గాల షెడ్డులో ఒకామె కెమెరా వైపు చూస్తూ మాట్లాడుతోంది. మరమగ్గాలను మా దగ్గర సాంచెలంటారు. వాటి మోతకు మైకు చేతులెత్తేసింది. ఒక్క ముక్కా వినపడదు. మా న్యూస్ ఇన్‌చార్జి ఏమీ తడుముకోలేదు. ‘చేతినిండా పనితో సంతోషంగా ఉన్నాం’ అని కాగితం మీద రాసి తెచ్చాడు.

“గిది మన యాంకరమ్మతోని చదివిచ్చి, గా వీడియోలామె మొఖం మీద ఎయ్యి తమ్మీ.”

“ఆమె గట్ల అనలేదన్నా.”

“నీకెట్ల ఎరుక? మాటే ఇనవడకపాయె.”

సాంచెల నడుమ పెరిగినవాళ్ళకు చెవులతో పనిలేదు. ఎంత అరిచినా వినపడదు కనుక పెదవులు చూసే మాట్లాడుకుంటారు. అమ్మ నాలుగు సాంచెల అవతల నుంచి నన్ను తిట్టేది. ఒక్క తిట్టూ వృథా పోయేది కాదు.

ఆమె పెదవులు చదివానంటే ఇన్‌చార్జి నమ్మలేదు. నేను చదివింది ఏమిటో చెప్పకుండా, ఆ వీడియోను తంగళ్ళపల్లిలో ఉన్న అమ్మకు ఫోన్లో పంపాను. కాసేపటికి తనే వీడియో కాల్ చేసింది.

“పదిహేను రోజులసంది సాంచెలు బందున్నయంటుంది కొడుకా. మీ కెమెరా అస్తుందని ఇయ్యాల తిప్పిన్రట. ఎవలామె? చీర మంచిగుంది.”

నేను చదివిందీ అదే. ఇన్‌చార్జి తన పెదవులు అమ్మకు కనపడకుండా గోడ వైపు తిరిగాడు.

“రేపు ఎవలన్న అడిగితే జవాబు ఎవలు చెప్తరు?”

“నేను చెప్త. కింద నా పేరేస్త.”

“నీ కొలువు పోతది.”

“పోనియ్యి. కోరుట్లల పెండ్లిళ్ళు బందు గాలె.”

వార్తలకు పావుగంటే ఉంది. కుర్చీలో నేనున్నాను, వేరే ఎడిటర్ లేడు. అన్నీ ఒక్కడి చేత చేయిస్తే వచ్చే చిక్కు ఇదే. సాంచెల మోతను అలాగే ఉంచాను. ఆమె అన్న మాటలను అన్నట్టే తెర మీద అక్షరాల్లో వేసి, చదివింది ఎవరో కింద రాశాను. కెమెరా వైపు చూసి చెప్పిన మనిషి దాచుకోవాలని చెప్పలేదు కదా.

మర్నాడు ఇన్‌చార్జి నన్ను వార్తల నుంచి తీసేశాడు.

“ఇగ భక్తి, వంటలు గంతే. వార్తలకు కొత్తోన్ని తెస్త.”

“తెచ్చుకో అన్నా. గొంతైతే మారుస్తడు. సిరిసిల్లల ఇంటింటికి టీవీ ఉంది, సప్పుడు బందు వెట్టి పెదవులు సూస్తరు.”