నా బిడ్డను ఎత్తుకున్న అక్క

పోయిన శుక్రవారం చాయ్ పెడుతుంటే ఎల్బీనగర్ నుంచి ఫోన్ వచ్చింది, అక్క పోయిందని. గుండెపోటట. పొయ్యి కట్టేసి నా బిడ్డను పిలిచాను. ఆమె నా తోబుట్టువేమీ కాదు. మేం మూసారాంబాగ్‌లో కిరాయికి ఉన్నప్పుడు పక్కింట్లో ఉండేది.

నేను దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల షాపుకు పోతూ పసిబిడ్డను ఆమెకే అప్పజెప్పేదాన్ని. "ఏడ్వనియ్యి చెల్లె, గొంతు మంచిగైతది" అని నవ్వేది. తీరా పిల్ల ఏడిస్తే తింటున్న కంచం వదిలేసి లేచేది.

ఒక వానాకాలం నేను షాపులో ఉండగా మూసీ పొంగి మా గల్లీలోకి వచ్చింది. అక్క వాళ్లింట్లో తను, మంచం పట్టిన ఆమె అత్తమ్మ, నా బిడ్డ ముగ్గురే ఉన్నారు. అక్క బిడ్డను ఎత్తుకుని మేడెక్కింది. మళ్లీ దిగబోయేసరికి నీళ్లు తలుపును ముంచేశాయి. అత్తమ్మ దక్కలేదు.

"ఎవరు చేతికందితే వాళ్లను పట్టుకున్న" అని అందరికీ చెప్పింది. ఆమె భర్త, నేను అన్నా అని పిలిచే ఆయన, పల్లెత్తు మాట అనలేదు. కానీ పెత్తరమాసకు పెద్దల పేరున అయ్యగారికి బియ్యం, కూరగాయలు ఇస్తాం కదా, తల్లి పేరున ఇచ్చే ఆ బియ్యం అక్కను ముట్టనిచ్చేవాడు కాదు. తనే చాటలో పోసి తనే తీసుకెళ్లేవాడు.

అట్లాంటి ఒక పెత్తరమాస నాడే అక్క మా ఇంటికొచ్చి కూర్చుంది.

"అబద్ధం చెప్పిన చెల్లె. అత్తమ్మ నా కొంగు గట్టిగ పట్టుకుంది. నేనే ఇడిపిచ్చుకున్న. నీ బిడ్డ సంకల ఉండె."

మంచి పని చేశావని నేనెట్లా అంటాను? తప్పు చేశావని అసలే అనలేను, నా బిడ్డ పక్కగదిలో హోంవర్క్ చేసుకుంటోంది. అత్తమ్మను తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది. అయినా అక్క ఇంకోలా చేసి ఉంటే బాగుండేదని ఒక్కనాడూ అనుకోలేకపోయాను.

"గప్పుడు నేను మంచిదాన్నో చెడ్డదాన్నో నాకే ఎరుకలేదు" అని లేచి వెళ్లిపోయింది.

మొన్న ఎల్బీనగర్‌లో అక్క శవాన్ని ఎత్తేముందు చుట్టాలు వరుసగా నోట్లో నీళ్లు పోస్తున్నారు. నేనూ నా బిడ్డా వెనకాల నిలబడ్డాం. అన్న చూశాడు.

"బిడ్డా, నువ్వు రా. నువ్వు పొయ్యాలె."

చుట్టాలు ముఖాలు చూసుకున్నారు. అన్న నా బిడ్డ చేతికి తన చెయ్యి ఆసరా ఇచ్చి పోయించాడు. అక్కను బయటికి తీసుకెళ్తుంటే అందరూ కదిలారు. ఆయన మాత్రం నా బిడ్డ చెయ్యి పట్టుకుని అక్కడే నిలబడి ఉన్నాడు, ఎంతకీ వదలకుండా.