తోమా కుర్చీ

మా కైతక్కడవు రేవులో చర్చికి వెనక, ఏటి గట్టుకు ఆనుకుని సమాధుల తోట ఉంది. అందులో ముప్పై ఏళ్ళు గోతులు తవ్వినవాడు పత్రోసు. మూడడుగులు దిగితే నీరు ఊరే నేల అది. వానాకాలంలో ఒక చేత్తో నీళ్ళు తోడుతూ, ఇంకో చేత్తో తవ్వాలి. ఎవరు ఎక్కడ పడుకున్నారో తెలియాలంటే ఫాదరుగారు పుస్తకం తెరిచేవారు కాదు, పత్రోసును పిలిచేవారు. స్థలం చాలక పాత గోతులు తిరగదోడి, ఎముకలు ఏరి, మూలనున్న ఎముకల బావిలో వేసేదీ అతనే. ఇన్ని పుర్రెలు ఎత్తాను గానీ ఒక్కదాని మీదా ఇంటిపేరు కనబడలేదని భార్య రాహేలుతో అనేవాడు. ఆ మాట బయట అంటే వీపు చిట్లుతుందని ఇద్దరికీ తెలుసు.

అతను పులయవాడు, అంటే దొరల పొలాల్లో తరతరాలుగా చాకిరీ చేసే అంటరానివాళ్ళలో ఒకడు. ఊళ్ళో పెద్ద ఇంటివారి పొలం గట్టున, పాకలో పుట్టాడు. కన్నవాళ్ళు పెట్టిన పేరు చాత్తన్. పన్నెండో ఏట తల్లిదండ్రులతో పాటు బాప్తిస్మం తీసుకున్నాడు. ఏం పేరు కావాలని అడిగితే తోమా అన్నాడు. పక్కనే నిలబడ్డ పెద్ద ఇంటి యజమాని నవ్వి, ఆ పేరు మా ఇంట్లో ఉంది, వీడికి పత్రోసు చాలన్నాడు. ఆ మాటే ఖాయమైంది.

పెద్ద ఇంటివారికి ఆ పేరు మీద అంత హక్కు ఎలా వచ్చిందంటే, అపొస్తలుడైన తోమా ఓడ దిగి, పడవెక్కి మా రేవుకు వచ్చాడట. దోసిలితో నీళ్ళు పైకి చల్లితే అవి పూలలాగా గాల్లోనే నిలిచాయట. అది చూసి మొట్టమొదట తల వంచిన బ్రాహ్మణుడు వాళ్ళ మూలపురుషుడట. కాదనడానికి ఆనాటివాడెవడూ బతికి లేడు గనక ఆ మాటకు ఎదురు లేకుండా పోయింది. పవిత్ర గురువారం నాడు, ప్రభువు తన శిష్యుల పాదాలు కడిగినదానికి గుర్తుగా, పన్నెండు మంది అపొస్తలులుగా కూర్చుంటారు, ఫాదరుగారు వాళ్ళ పాదాలు కడిగి ముద్దు పెడతారు. అందులో తోమా కుర్చీ తరతరాలుగా ఆ ఇంటిది.

పత్రోసుకు మాత్రం తోమా వేరే దారిన నచ్చాడు. చనిపోయి లేచి వచ్చిన ప్రభువును తక్కిన శిష్యులు చూశామంటే, గాయంలో నా వేలు పెడితే గాని నమ్మనన్నాడు తోమా. ప్రభువు వచ్చి, తాకి చూసుకొమ్మన్నాడు. బాప్తిస్మానికి ముందు పాఠం చెప్పే ఉపదేశి ఆ కథ చెప్పి, అలా అనుమానపడకూడదు అన్నాడు. పత్రోసుకు అందులో తప్పు కనబడలేదు. మట్టి తడి ఎంతో, నారు వేరు పట్టిందో లేదో చేత్తో తాకితేనే గదా తెలిసేది? తోమా కూలివాడి మాట అన్నాడనుకున్నాడు. అంతటితో ఊరుకోక, అపొస్తలుడు ఆకలితో రేవు దిగినప్పుడు ఆయన కులం ఎవరికీ తెలియదు గదా, మరి గంజి పళ్ళెంలో పోశారా, గుంటలో పోశారా అని అడిగాడు. ఉపదేశి చెవి మెలిపెట్టాడు.

గుంట అంటే పెద్ద ఇంటి పెరట్లో పులయవాళ్ళకు గంజి పోసే గుంట. నేలలో గొయ్యి తీసి, ఆకు పరిచి, నిలబడి పైనుంచి పోస్తారు. మంచినీళ్ళయినా అంతే. కింద దోసిలి పట్టాలి, రొమ్ము ఎత్తునుంచి చెంబు వంచుతారు. చర్చిలోనూ వాళ్ళ చోటు వెనక, వెదురు కంచెకు ఇవతల. ఆ కంచె వెనకనుంచే పత్రోసు ముప్పై సార్లు ఆ పన్నెండు కుర్చీలను చూశాడు. ఒక్కసారి తోమా కుర్చీలో కూర్చుని, ఒక మనిషి చేయి తన కాలు పట్టుకుంటే ఎలా ఉంటుందో తెలుసుకోవాలని అతని కోరిక. రాహేలుకు తప్ప ఎవరికీ చెప్పలేదు.

"ఆ కుర్చీ నిండా ముళ్ళేనయ్యా. కంచె ఇవతల్నుంచి నీకు కనబడట్లేదు," అనేది రాహేలు.

హిందువుల గుళ్ళ తలుపులు అన్ని కులాలకూ తెరవాలని రాజుగారి ప్రకటన వచ్చిన మరుసటి ఏడు, మకర మాసంలో, ఊరికి మశూచి తగిలింది. పెద్ద ఇంటి యజమాని ఇట్టికోర, బాప్తిస్మం నాడు నవ్విన పెద్దాయనకు కొడుకు, ఆరో రోజున పోయాడు. ఇట్టికోర కొడుకులు అప్పటికే పడవెక్కి ఏరు దాటారు. ముసలి ఇల్లాలు వాకిట్లో నిలబడి పత్రోసును కేకేసింది. చిన్నప్పుడే మశూచి వచ్చి బతికినవాడు, ముఖం నిండా గుంటలే, అతనికి మళ్ళీ రాదు. ఆ ఇంటి ముందు గుమ్మం దాటడం అతనికి అదే మొదలు. శవాన్ని చాపలో చుట్టబోతే చర్మం చాపకు అంటుకుంటోంది. చాప వదిలేసి, పసిబిడ్డను ఎత్తినట్టు రెండు చేతుల మీద ఎత్తుకున్నాడు. చీము అతని రొమ్ము మీదుగా కారింది. పట్టపగలు ఊరి మధ్యనుంచి మోసుకెళ్ళి పాతిపెట్టాడు.

మాణి ఫాదరుగారు గేటు దగ్గరే ఆగి, ముక్కుకు గుడ్డ కట్టుకుని ప్రార్థన చదివారు. కుర్రతనం ఇంకా పోని మనిషి, చెడ్డవాడు కాదు. ఆ చూసినదానికి సిగ్గుపడి ఏడ్చారు. గుళ్ళు తెరిచారు గదా, పులయవాళ్ళు మళ్ళీ అటు పోతారన్న బెంగ కూడా ఆయనకు ఉంది. ఈసారి పవిత్ర గురువారం తోమా కుర్చీలో నువ్వే కూర్చోవాలని పత్రోసుతో అన్నారు.

"దొరలు ఒప్పుకుంటారా అయ్యా?"

"చెప్పింది నేను గదా."

ఆ రెండు నెలలూ పత్రోసు కొబ్బరి పీచుతో పాదాలు తోముకున్నాడు. ముప్పై ఏళ్ళ మట్టి పగుళ్ళలోంచి ఒక పట్టాన రాలేదు. కుడి పాదం మీద పార దిగిన గాయం ఒకటి ఉంది. మానదు, వేలు పట్టేంత లోతు. రాహేలు దానికి పసుపూ నూనే పెట్టేది, వెళ్ళొద్దని పోరేది. కుర్చీ వద్దు, ఈ గాయం మానితే చాలు నాకు అనేది. అతను వినలేదు.

బుధవారం నాడు ఇట్టికోర పెద్దకొడుకు కురువిళ నలుగురు పెద్దల్ని వెంటబెట్టుకుని ఫాదరుగారింటికి వెళ్ళాడు. లోపల ఏమన్నారో ఎవరికీ తెలియదు. వెళ్ళినవాళ్ళు చప్పుడు లేకుండా తిరిగొచ్చారు, కుర్చీలో పత్రోసును కూర్చోనివ్వద్దని కూడా ఎవరూ అనలేదు. నాకు ఇప్పటికీ ఒళ్ళు మండేది దానికే. వద్దని ముందే చెప్పి ఉంటే ఇంట్లో ఉండేవాడు.

గురువారం పత్రోసు ఉతికిన పంచె కట్టుకుని పన్నెండోదైన తోమా కుర్చీలో కూర్చున్నాడు. కురువిళ స్తంభం పక్కన చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఫాదరుగారు ఒక్కొక్కరి ముందు మోకరించారు. ఎడమ చేత్తో మడమ పట్టుకుని, కడిగి, తువాలుతో ఒత్తి, వంగి ముద్దు పెట్టారు. అలా పదకొండు మంది అయ్యారు. పన్నెండో కుర్చీ దగ్గరికి వచ్చి ఆయన మోకరించలేదు. నిలబడే చెంబు రొమ్ము ఎత్తుకు ఎత్తి, వంచారు.

అంత ఎత్తునుంచి పడే నీళ్ళ చప్పుడు పత్రోసుకు తల్లి చంకలో ఉన్ననాటినుంచి తెలుసు. అలవాటు కొద్దీ చేతులు దోసిలి పట్టబోయాయి. అతనే ఆపుకున్నాడు. తువాలు ఫాదరుగారి భుజం మీదే ఉంది.

"అయ్యా, గాయం ఉంది," అన్నాడు పత్రోసు, ఆయనకు మాత్రమే వినబడేలా. "తాకి చూడండి."

ఫాదరుగారి చేయి కొంచెం కిందికి వచ్చింది. ఆయన స్తంభం వైపు చూశారు. చేయి అక్కడే ఆగింది. తర్వాత వెనక్కి తిరిగి బలిపీఠం దగ్గరికి వెళ్ళిపోయారు. పత్రోసు తడి కాలితోనే పూజ అయ్యేదాకా కూర్చుని, అందరూ వెళ్ళాక లేచాడు.

గోతులు తవ్వడం మానలేదు గానీ మళ్ళీ చర్చిలో అడుగుపెట్టలేదు. పోనీ గుడికి పోదామా అని రాహేలు అడిగింది. పోనన్నాడు.

"తోమాకు తాకనిచ్చే ప్రభువు దొరికాడే. నాకు తాకేవాడు దొరకలేదు."

రెండు వానాకాలాలకు ఆ గాయం కుళ్ళి కాలు వాచింది. జ్వరంతో పోయాడు. సమాధుల తోట గోడకు అవతల, ముళ్ళ కంచె దగ్గర, రాహేలు తమ్ముడు గొయ్యి తవ్వాడు. మాణి ఫాదరుగారు అప్పటికి వేరే ఊరికి బదిలీ అయ్యారు.

చాలా ఏళ్ళకు చర్చి నూరేళ్ళ పండుగ జరిగింది. ఒక పుస్తకం అచ్చు వేశారు. మశూచి ఏట ఇట్టికోరగారి గౌరవార్థం తోమా కుర్చీని ఖాళీగా ఉంచి, పదకొండు మంది పాదాలే కడిగారని అందులో రాశారు. ఆ ముక్క ఎవరో చదివి వినిపించినప్పుడు రాహేలు పాక ముందు కూర్చుని వక్క నములుతోంది. మళ్ళీ చదవమంది, విని ఉమ్మేసింది.

"ఖాళీ ఏం కాదు. మా ఆయన కూర్చున్నాడు," అంది. "కాలు తడిసింది, అంతే."